మాలకొండమ్మకు మంజూరైన నీడ

మా ఊరు ఆకాశంలో ఉంటుంది. ఎలా ఉంటుందని మాత్రం అడక్కండి. ఊరు గాల్లో ఎందుకు తేలుతోందో వివరించే ఫైలు మా తాతల కాలంలోనే రికార్డు రూములో ఎక్కడో పోయింది. అది దొరికేదాకా యథాస్థితి కొనసాగించాలని అప్పటి కమిషనరు గారు ఒక ఉత్తర్వు ఇచ్చారు. ఆ ఉత్తర్వు మీదే ఇప్పటికీ తేలుతున్నాం.

కాగితాల్లో మా ఊరి పేరు ఊర్ధ్వనగరం. మేం పైఊరు అంటాం. పన్నెండు వీధులు, రెండు సినిమా హాళ్ళు, ఒక పురపాలక సంస్థ ఉన్నాయి. పొలాలు లేవు, బావులు లేవు. బియ్యం, కూరలు, మంచినీళ్ళు అన్నీ కింద భూమ్మీద నుంచి గిలక బుట్టల్లో పైకి రావాల్సిందే. అయినా సరే, కింద ఉండేవాళ్ళని చూస్తే మాకు చచ్చేంత జాలి. సాయంత్రం పూట కాఫీ తాగి, ఊరి చుట్టూ ఉన్న కటకటాల దగ్గర నిలబడి కిందికి చూస్తూ కాసేపు జాలిపడి ఇళ్ళకి వెళ్ళడం మా పెద్దమనుషుల అలవాటు.

పోయిన ఏడాది ఈ జాలి ముదిరి ఫ్యాషనైపోయింది. ఎవరింటికి పేరంటానికి వెళ్ళినా "పాపం కిందివాళ్ళకి మనమేం చేస్తున్నాం?" అన్న మాటే. చివరికి పురపాలక సంస్థ మూడు రోజులు ప్రత్యేక సమావేశం పెట్టింది. ఏమివ్వాలన్నది పెద్ద చిక్కు. మా దగ్గరున్నవన్నీ కింద నుంచి వచ్చినవే, వాటినే మళ్ళీ కిందికి పంపితే అది దానం అనిపించుకోదు, వాపసు అనిపించుకుంటుంది. మూడో రోజు మధ్యాహ్నం ఒక సభ్యుడు కిళ్ళీ ఉమ్మడానికని కటకటాల దాకా వెళ్ళి, కిందికి చూసి, ఉమ్మడం కూడా మర్చిపోయి పరిగెత్తుకొచ్చాడు.

"అధ్యక్షా! మన నీడ! ఇన్నేళ్ళుగా మన నీడ కింద పడుతూనే ఉంది. ఎవరికీ పేరు రావడం లేదు!" అన్నాడు.

సభ్యులంతా లేచి నిలబడి చప్పట్లు కొట్టారు. ఆ విధంగా ఉచిత శీతల ఛాయా పథకం పుట్టింది. దాన్ని నడపడానికి ఛాయా వితరణ విభాగం, విభాగానికి నలభై ఆరు ఉద్యోగాలు, నలభై ఆరు కుర్చీలు పుట్టాయి. డైరెక్టరుగా గోపాలరత్నం గారు వచ్చారు. ఆయన కింద సీనియర్ అసిస్టెంటుగా నన్ను వేశారు. నా పేరు పేరయ్య. నాకు నీడ గురించి ఏమీ తెలియదు కాబట్టి ఏ వివాదమూ లేకుండా ఎంపికయ్యాను.

పథకానికి గుండ్లగరువు అనే పల్లెని శాస్త్రీయంగా ఎంపిక చేశాం. అంటే, ఊరు ఆ పల్లె మీదుగా కొట్టుకుపోతుండగా మా లంగరు అక్కడి బండలో ఇరుక్కుంది. ఎంత లాగినా రాలేదు. "ప్రకృతే మనకి తొలి లబ్ధిదారులను చూపించింది" అని గోపాలరత్నం గారు నోటు రాశారు. నీడ పలచగా ఉంటే ఊరికి పరువు తక్కువని, ఊరిని పది తాటిచెట్ల ఎత్తుకు దించి కట్టేశాం. నలభై గడపల పల్లె మొత్తం మా అడుగున చక్కగా ఇమిడిపోయింది.

ఐదో రోజు అర్జీల బుట్టలో మొదటి ఉత్తరం పైకి వచ్చింది. రాసింది మాలకొండమ్మ అనే ముసలావిడ. ఎవరో బడిపంతులు చేత రాయించినట్టుంది, అక్షరాలు గుండ్రంగా ఉన్నాయి. మూడెకరాల మిరప తోట, మొదటి కోత కాయ కళ్ళంలో ఎండబోసుకున్నాను, ఐదు రోజులుగా ఎండ పొడ లేదు, కాయ మెత్తబడుతోంది, దయచేసి మీ ఊరిని కాస్త పక్కకి జరుపుకోవలసింది. ఇదీ విషయం.

నేను ఉత్తరం పట్టుకుని డైరెక్టరు గారి గదిలోకి వెళ్ళాను.

"ఉత్తరమే వచ్చిందా!" అని ఆయన కళ్ళజోడు తుడుచుకున్నారు. "తక్షణం రిజిస్టర్లో నమోదు చెయ్యవయ్యా."

చిక్కు అక్కడే వచ్చింది. లబ్ధిదారుల స్పందన రిజిస్టర్లో అచ్చువేసిన గడులు రెండే ఉన్నాయి. ఒకటి 'కృతజ్ఞత', రెండోది 'ఇంకా కావాలి'. ఉచితంగా ఇచ్చేదాని గురించి మూడో రకం ఉత్తరం ఎవరైనా రాస్తారని అచ్చు వేయించినవాళ్ళకి తోచలేదు.

"ఇందులో కృతజ్ఞత ఉందా?" అని అడిగారు డైరెక్టరు గారు.

"లేదండీ."

"అయితే రెండోదే కదా! సందేహం దేనికి?"

నమోదు చేశాను. నమోదయ్యాక చర్య తీసుకోకపోతే ఆడిట్ వాళ్ళు ఊరుకోరు. మర్నాడే కొలతలు తీయించారు. ఉదయం పూట తూర్పు నుంచి, సాయంత్రం పూట పడమర నుంచి ఎండ ఏటవాలుగా లోపలికి చొరబడుతోందని, రోజుకి సుమారు రెండు గంటలపాటు లబ్ధిదారు నీడకి నోచుకోవడం లేదని తేలింది. ఇంటికొక దుప్పటి చొప్పున పోగుచేసి కటకటాల వెంబడి కిందికి వేలాడగట్టాలని సర్క్యులర్ వెళ్ళింది. పైఊరి ఆడవాళ్ళ సంఘం వారు తిండి మానేసి దుప్పట్లు కలిపి కుట్టారు. పదకొండు రోజుల్లో ఊరి చుట్టూ తెర దిగింది. దాంతో ఆ రెండు గంటల ఎండ కూడా ఆగిపోయింది.

రెండో ఉత్తరం ఈసారి బడిపంతులు రాయలేదు. బొగ్గుతో అట్టముక్క మీద ఆవిడే రాసుకుంది. "మీకు కళ్ళు లేవా" అన్నంతవరకే చదవగలిగాను. ఇందులోనూ కృతజ్ఞత లేదు. వీధుల మధ్య సందుల్లోంచి చుక్కలు చుక్కలుగా కారుతున్న వెలుతురుని కూడా తారుపట్టాలతో మూసేశాం.

మూడోది ఉత్తరం కాదు. బుట్టలో ఒక దోసెడు మిరపకాయలు వచ్చాయి. తెల్లగా పాలిపోయి, తొడిమల దగ్గర బూజు పట్టి ఉన్నాయి. గోపాలరత్నం గారు ఒక కాయని కాగితంతో పట్టుకుని అటూ ఇటూ తిప్పి చూశారు.

"కానుక పంపింది పాపం," అన్నారు. "ఇక మనం క్షేత్రస్థాయి పరిశీలనకి వెళ్ళక తప్పదు."

అలా నేను పుట్టి బుద్ధెరిగాక మొదటిసారి భూమ్మీద కాలుపెట్టాను. కాలుపెడితే అది కదలదని ఎవరూ చెప్పలేదు, రెండుసార్లు తూలిపడ్డాను. మిట్టమధ్యాహ్నం పన్నెండు గంటలకి పల్లెలో లాంతర్లు వెలుగుతున్నాయి. కోళ్ళు ఏం చెయ్యాలో తోచక గంప చుట్టూ తిరుగుతున్నాయి.

మాలకొండమ్మ కళ్ళంలో ఉంది. ఎండిన చేతులతో కాయని పార పెట్టి తిరగేస్తోంది. అరవై ఐదేళ్ళుంటాయి. మమ్మల్ని చూసి పార కింద పడేసి గబగబా వచ్చింది.

"వచ్చారా సామీ! ఇరవై రోజుల నుంచీ చెబుతా ఉంటే ఇయ్యాలకి వచ్చారా! రండి, ఇటొచ్చి చూడండి. పన్నెండు బస్తాల కాయ. చేత్తో పట్టుకోండి, ఎట్టా జారిపోతందో. ఇదంతా తాలే! పశువు కూడా ముట్టదు దీన్ని."

డైరెక్టరు గారు కాయని చూడలేదు. జేబులోంచి ఉష్ణమాపకం తీసి, చెయ్యి చాచి, గాల్లో పట్టుకుని రెండు నిమిషాలు నిశ్చలంగా నిలబడ్డారు.

"ఏమమ్మా, పథకం ప్రారంభం కాకపూర్వంతో పోల్చి చూచిన, ప్రస్తుతం ఈ ప్రదేశంలో చల్లదనం పెంపొందినట్లా, లేనట్లా?"

ఆవిడ నా మొహం చూసింది. "చల్లగా ఉందా అని అడుగుతున్నారమ్మా" అన్నాను.

"చల్లగానే ఉందయ్యా, అదేగా నా ఏడుపు!" అంది. నిజంగానే కొంగు కళ్ళకి అడ్డం పెట్టుకుంది.

డైరెక్టరు గారు పుస్తకం తెరిచి, పైకి చదువుతూ రాసుకున్నారు. "చల్లగా ఉన్నదని లబ్ధిదారు కన్నీళ్ళతో అంగీకరించినది."

ఆయన మిగతా ఇళ్ళలో చల్లదనం కొలవడానికి వెళ్ళారు. నేను కళ్ళం గట్టు మీద కూలబడ్డాను. ఆవిడ నాకు చెంబుతో మజ్జిగ తెచ్చి ఇచ్చింది. మా మీద అంత కోపం ఉన్న మనిషి మజ్జిగ ఇస్తే ఎలా తాగాలో నాకు తెలియలేదు. తాగాను.

"పోయిన కాయ పోయింది నాయనా," అంది మెల్లగా. "దాని గురించి నేను ఏడవట్లేదు. అదుగో తోటలో రెండో కోత పండి ఉంది. ఎనిమిది రోజుల్లో కొయ్యాల. నేను విత్తనానికి దాచుకునేది ఆ రెండో కోతే. మా అత్త నాకిచ్చిన విత్తనం, ఆమెకి వాళ్ళత్త ఇచ్చింది. ఈ కాయ ఈ ఊళ్ళో తప్ప యాడా లేదు. అది కూడా ఎండక ఇట్టాగే బూజు పట్టిందనుకో, వచ్చే ఏడు నాటుకోడానికి గింజ ఉండదు. అంతటితో ఈ మిరప పోయినట్టే. కొనుక్కుందామన్నా దొరకదు. మీవోళ్ళకి ఈ మాటొక్కటి చెప్పలేవా?"

చెబుతానన్నాను. తిరిగి వెళ్ళేటప్పుడు బుట్టలోనే చెప్పాను. గోపాలరత్నం గారు శ్రద్ధగా విన్నారు.

"విత్తన సంరక్షణ వ్యవసాయ విభాగం పరిధిలోని అంశం పేరయ్యా. మనకి వ్యవసాయం లేదు కాబట్టి వ్యవసాయ విభాగం లేదు. లేని విభాగం పరిధిలోకి మనం చొరబడటం పద్ధతి కాదు."

"పోనీ లంగరు తాడు కొంచెం వదిలి, ఓ పదిహేను రోజులపాటు ఊరిని పక్కకి జరిపితే?"

ఆయన నా భుజం మీద చెయ్యి వేశారు. "ఇచ్చిన నీడని వెనక్కి తీసుకోవడమా? పేదవాళ్ళ నోటి దగ్గర నీడని లాక్కున్నారని రేపు పేపర్లో వస్తే నీ మొహం ఎక్కడ పెట్టుకుంటావు?"

నీడ నోటి దగ్గరికి ఎలా వస్తుందో నేను అడగలేదు. ఉద్యోగంలో పద్దెనిమిదేళ్ళ నుంచి ఉన్నాను.

ఆ వారంలోనే కొత్త సర్క్యులర్ వచ్చింది. పథకం దిగ్విజయంగా నెల పూర్తి చేసుకున్న సందర్భంగా గురువారం కృతజ్ఞతా దినోత్సవం. లబ్ధిదారులు తమ తమ స్థానిక ఆచార సంప్రదాయాలను అనుసరించి, ఊర్ధ్వనగర పౌరులందరికీ తెలిసే విధంగా కృతజ్ఞత వెల్లడించవలెను. సర్క్యులర్ చదివి వినిపించడానికి నన్నే కిందికి దించారు. పల్లెలో ఎవరూ వినడానికి కూడా రాలేదు. మాలకొండమ్మ ఒక్కతే తోట గట్టు మీద నిలబడి వింది. ఆవిడ వెనకాల చేనంతా ఎర్రగా పండి ఉంది. లాంతరు వెలుగులో కూడా ఆ ఎరుపు తెలుస్తోంది.

"అదేంది, మళ్ళీ చదువు," అంది.

మళ్ళీ చదివాను.

"మా ఆచారం ప్రకారమే చెయ్యమన్నారా?"

"అవునమ్మా."

"పైన ఉన్నోళ్ళందరికీ తెలిసేట్టు?"

"అందరికీ."

"ఎంత చెయ్యాలో ఏమన్నా రాశారా?"

కాగితం తిప్పి చూశాను. "పరిమితి ఏమీ పెట్టలేదమ్మా."

ఆవిడ కళ్ళంలో మూల కుప్పగా పోసిన తాలుకాయ వైపు చాలాసేపు చూసింది. తర్వాత నా వైపు చూసింది. "ఇంత మేలు చేసిన ఊరు. ఎంతమంది కళ్ళు పడ్డయ్యో ఏమో. దిష్టి తీస్తానని చెప్పు మీ పెద్దాయనకి," అంది.

నాకు అర్థమైంది. అర్థం కానట్టు తల ఊపి బుట్ట ఎక్కాను. ఇంతకాలం అర్థం కాని వాటికి అర్థమైనట్టు తల ఊపాను కాబట్టి, ఇది కాస్త కష్టమే అనిపించింది.

దిష్టి మాట వినగానే గోపాలరత్నం గారు ఆనందంతో కుర్చీలోంచి లేచిపోయారు. "చూశావా! మన ఊరి మీద ఈర్ష్య ఎంత పేరుకుపోయి ఉంటుందో ఆ పల్లెటూరి ముసలామెకి తెలిసింది, మన కౌన్సిల్‌కి తెలియలేదు. దేనితో తీస్తారట?"

"ఎండుమిరపకాయలతోనండీ."

"ఎన్ని?"

"పన్నెండు బస్తాలండీ."

"పన్నెండు వీధులకి పన్నెండు బస్తాలు! ఎంత లెక్కగా ఆలోచించింది!" అని మురిసిపోయారు.

గురువారం ఉదయం పదింటికల్లా, సినిమాకి వెళ్ళినవాళ్ళు తప్ప పైఊరంతా కటకటాల దగ్గర చేరింది. ఆడవాళ్ళు పట్టుచీరలు కట్టారు. బాగా కనబడాలని అందరూ మెడలు ముందుకి చాచి వంగి నిలబడ్డారు. గోపాలరత్నం గారు మైకు ముందు ఉన్నారు. కింద కళ్ళం నడుమ పత్తికట్టె పేర్చి నిప్పు పెట్టారు. పల్లెవాళ్ళు, అంతకుముందు ఏ కార్యక్రమానికీ రానివాళ్ళు, ఆ రోజు ఒక్కరు తప్పకుండా వచ్చారు. అందరూ ముక్కులకి తడిగుడ్డలు కట్టుకున్నారు. అది కూడా అక్కడి సంప్రదాయమేనని డైరెక్టరు గారు మైకులో వివరించారు.

మాలకొండమ్మ గుప్పెడు కాయ తీసి మా ఊరికేసి చెయ్యెత్తి మూడుసార్లు తిప్పింది. "పైకి చూసిన కళ్ళు, కిందికి చూసిన కళ్ళు, చూసి కూడా చూడనట్టు పోయిన కళ్ళు, అన్నీ ఇందులో కాలిపోవాల!" అని గట్టిగా అరిచింది. ఆ మూడో మాటకి నేను తల దించుకున్నాను. తర్వాత మనుషులు వరసగా వచ్చి బస్తాలు మంటలో కుమ్మరించారు.

పన్నెండు బస్తాల మిరప పొగ ఒక్కసారిగా పైకి లేచింది. మామూలుగా అయితే గాలికి చెదిరిపోయేదే. కానీ ఊరి చుట్టూ మేమే ఇంటికొక దుప్పటి వేలాడగట్టాం, సందులన్నీ తారుపట్టాలతో మేమే మూశాం. పొగకి పక్కకి పోయే దారి లేదు. కాసేపు ఊరి అడుగున గిరగిరా తిరిగి, పట్టాలని పటపటా ఎగదన్ని, పన్నెండు వీధుల్లోంచీ ఒకేసారి బయటికి తన్నుకొచ్చింది.

మొదట దగ్గింది ఆడవాళ్ళ సంఘం అధ్యక్షురాలు. ఆ తర్వాత ఎవరు దగ్గారో లెక్కపెట్టే స్థితిలో ఎవరూ లేరు. సినిమా హాల్లోంచి జనం చీకట్లో పరిగెత్తి వచ్చి మరింత చీకట్లో పడ్డారు. గోపాలరత్నం గారు మాత్రం మైకు వదల్లేదు.

"సో... సోదరులారా! దిష్టి తగిలి ఉంటే ఘాటు రాదని శా... శాస్త్రం! ఇంత ఘాటు వస్తోందంటే... మన మీద ఎవరికీ ఏ మాత్రం ఈర్ష్య లేదని... ని... నిరూపణ అయింది!" అని, అంతటితో నేల మీద కూర్చుండిపోయారు.

కౌన్సిల్ అత్యవసరంగా అక్కడికక్కడే సమావేశమైంది. ఊరిని కదిలించాలంటే మూడింట రెండొంతుల సభ్యులు చేతులెత్తాలి. కళ్ళు తుడుచుకోవడానికి చేతులెత్తినవాళ్ళందరినీ అనుకూలంగా లెక్కపెట్టారు. మా చరిత్రలో ఏకగ్రీవంగా నెగ్గిన తీర్మానం అదొక్కటే. లంగరు బండలోంచి రాలేదు. తాడు కోసెయ్యమన్నారు. కోసే కత్తి స్టోర్స్ నుంచి ఇవ్వాలంటే సంతకం కావాలి. కళ్ళు కనబడక స్టోర్ కీపరు రిజిస్టరు మీద కాకుండా తన ధోవతి మీద సంతకం పెట్టాడు. చెల్లుతుందని నేను చెప్పాను, కత్తి తీసుకుని పరిగెత్తాను.

తాడు నేనే కోశాను. ఆ పొగలో ఎవరూ చూడలేదు, ఈ మాట ఇంతవరకూ ఎవరికీ చెప్పలేదు.

పడమటి గాలి కొట్టింది. ఊరు ఒక్క కుదుపు కుదిపి, లేచి, దుప్పట్లు వేలాడేసుకుని తూర్పుగా జరగడం మొదలుపెట్టింది. నేను దగ్గుతూనే కటకటాలు పట్టుకుని వెనక్కి చూశాను. మా నీడ అంచు గుండ్లగరువు మీద నుంచి నెమ్మదిగా తొలగిపోతోంది. ముందు తోట మీద ఎండ పడింది, తర్వాత కళ్ళం మీద పడింది. మాలకొండమ్మ మూతికి కట్టుకున్న గుడ్డ విప్పి, మా వంక ఒక్కసారి కూడా చూడకుండా, చీపురు తీసుకుని రెండో కోత కోసం కళ్ళం ఊడవడం మొదలుపెట్టింది. నాకు ఏడుపు వచ్చింది. చుట్టూ అందరూ ఏడుస్తున్నారు కాబట్టి ఎవరూ ఏమీ అనుకోలేదు.

వారం రోజులకి అందరి గొంతులూ బాగయ్యాయి. ఆఫీసు తెరిచాం. గుండ్లగరువు ఫైలు మూసెయ్యాలంటే మాలకొండమ్మ పేరు లబ్ధిదారుల జాబితా నుంచి తొలగించాలి. తొలగింపు ఫారంలో కారణాలు రెండే అచ్చువేసి ఉన్నాయి. ఒకటి 'మృతి', రెండోది 'పరారీ'.

"చనిపోయిందా?" అని అడిగారు గోపాలరత్నం గారు, ఇంకా కొంచెం బొంగురుగా.

"లేదండీ. బాగానే ఉంది."

"అయితే పరారీ రాయి."

రాశాను. ఆవిడ కళ్ళంలోంచి అడుగు కదల్లేదు, పారిపోయింది మా ఊరు. అయినా మా రికార్డుల ప్రకారం ఇప్పుడు మాలకొండమ్మ పరారీలో ఉంది. పరారీ లబ్ధిదారుకి ఆనాటి నుంచీ అందవలసిన నీడంతా బకాయి పడినట్టేనని, ఆమెను ఎక్కడున్నా వెతికి పట్టుకుని ఆ బకాయి నీడ మొత్తం ఒక్కసారిగా ముట్టజెప్పాలని కౌన్సిల్ తీర్మానించింది. వెతికే బాధ్యత నాకు అప్పగించారు. ఒక దుర్భిణీ ఇచ్చారు.

అందుకని ప్రతి సోమవారం నేను ఒక రిపోర్టు రాస్తాను. అన్ని దిక్కులా గాలించితిమి, సదరు లబ్ధిదారు ఆచూకీ తెలియరాలేదు అని. పద్దెనిమిదేళ్ళ ఉద్యోగంలో ఎన్నో వేల కాగితాలు రాశాను కానీ, మనస్ఫూర్తిగా రాసేది ఇదొక్కటే.